తొలిపీట మీద పిల్లి

రోజు 1

మా పెరటి బండ నుంచి అంచుకి: పదకొండు మూరలు.
పక్కింటి బండ నుంచి అంచుకి: ఆరు మూరలు. నిన్న ఏడు.
విశేషాలు:

ఈ విశేషాలనే గడిని సంఘంవాళ్ళు రెండు వేళ్ళ వెడల్పున గీశారు. అంచువీధిలో బతికేవాళ్ళకి అంతకు మించి విశేషాలుండవని వాళ్ళ నమ్మకం కాబోలు. ముప్ఫై నాలుగేళ్ళు బడిలో పాఠం చెప్పినదాన్ని. రెండు వేళ్ళ వెడల్పులో నాకు దగ్గు కూడా పట్టదు. అందుకని పక్క పేజీలోకి వెళుతున్నాను. దస్త్రాలు చదివే గుమాస్తా ఓర్చుకోవాలి. ఓర్చుకుంటుంది కూడా, ఎందుకంటే ఆ గుమాస్తా నా మనవరాలు తరళ.

పొద్దున లేచి తాడుతో దూరం కొలిచాను. మా పెరట్లో బట్టలుతికే బండ, దాని తర్వాత రెండు బెండచెట్లు, ఆ తర్వాత బట్టలారేసే తీగ, ఆ తర్వాత ఏమీ లేదు. చీకటి కాదు, పొగ కాదు, లోయ కాదు. చూపు అక్కడిదాకా వెళ్ళి ఆగిపోతుంది, అంతే. పుస్తకాల్లో దాన్ని శూన్యం అంటారు. వీధిలో ఖాళీ అంటారు. తాడు కొస అందులోకి వెళ్ళి వస్తే మురికి వదిలి కొత్తదానిలా ఉంటుంది.

కొలత అయ్యాక కుండకి తాడు కట్టి అంచులోకి దించి, కుండెడు ఖాళీ పైకి తీసుకుని మూత పెట్టాను. అందులో పెట్టిన పెరుగు తొమ్మిది రోజులైనా పులవదు. నా పెళ్ళినాటికి ఈ కుండలు లేవు. ఇవి వచ్చాకే జనం పెరుగు కోసం అంచు పక్కకి వచ్చి ఇళ్ళు కట్టుకున్నారు. అప్పుడు అంచు మూడు వందల మూరల అవతల ఉండేది. ఇప్పుడు పదీ పదిహేను మూరలే మిగిలాయి.

పక్కిల్లు గోమతిగారిది. ఆమె కూతురు నా కోడలు. అంటే మేం వియ్యపురాళ్ళం, తరళ మా ఇద్దరికీ ఉమ్మడి మనవరాలు. మా ఇద్దరికీ ఉమ్మడిగా ఉన్నది అదొక్కటే. ఆమె కొలవడం ఆరేళ్ళ క్రితమే మానేసింది. ఆమె పెరడు కూడా నేనే కొలుస్తున్నాను. అంచు ఐదు మూరలకి వస్తే ఏమవుతుందో ఇద్దరికీ తెలుసు కనక ఇవాళ పచ్చడిలో ఉప్పు గురించి పోట్లాడుకున్నాం.

రోజు 4

మాది: పదకొండు. ఆమెది: ఐదు.

సంఘం అధ్యక్షుడు పరంజ్యోతి వచ్చాడు. మూడో తరగతిలో నా విద్యార్థి. వసారాలో చెప్పులు విడిచి చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"టీచరమ్మా, ఆరోగ్యం బాగుందా?"

"బాగానే ఉంది. నీకు ఎనిమిదో ఎక్కం వచ్చిందా?"

నవ్వాడు. రాలేదన్నమాట. "పక్కింటి పెరడు ఐదు మూరలకి వచ్చింది. నియమం మీకు నేను చెప్పాలా? ఇవాళ వీధి పేర్ల పట్టీలో ఆవిడ పేరు కొట్టేస్తాం. ఇకనుంచి ఆవిణ్ణి ఎవరూ పేరుతో పిలవకూడదు. ఇవాళ్టికి పన్నెండు రోజులకి విడుపు."

విడుపు అంటే ఏమిటో అంచువీధిలో పాలు తాగే పిల్లకి కూడా తెలుసు. భోజనాల పంక్తి మొదట ఖాళీగా వేసే తొలిపీటని చంకన పెట్టుకుని, నడుచుకుంటూ ఖాళీలోకి వెళ్ళిపోవాలి. తిరిగి వచ్చినవాళ్ళు లేరు.

"దాంతో అంచు ఆగుతుందని నీకెవరు చెప్పారు?"

పరంజ్యోతి కళ్ళు మూసుకున్నాడు. మూడో తరగతి బల్ల దగ్గర నిలబడినట్టే నిలబడి అప్పజెప్పాడు. "సృష్టికి ముందు శూన్యం నిండుగా ఉండేది. సృష్టి దాని ఒంటి మీద పడిన గాటు. గాటు పూడాలనుకోవడం దాని స్వభావం. పూడ్చడం మన ధర్మం." కళ్ళు తెరిచాడు. "మీ పుస్తకమే టీచరమ్మా. మొదటి పేజీ."

నా పుస్తకమే. ముప్ఫై ఒకటో ఏట రాశాను. వాక్యం నడక బాగుందని రాశాను. రాసేటప్పుడు చెయ్యి ఊపుకుంటూ పైకి చదువుకున్నట్టు కూడా గుర్తు. రుజువేదని ఒక్క తల్లీ అడగలేదు, ఒక్క తండ్రీ అడగలేదు. పిల్లలు మాత్రం బట్టీ పట్టారు.

ఈ వీధిలో మొదటి విడుపు గోమతిగారి భర్తది. ఆరేళ్ళయింది. అప్పట్లో హద్దు పది మూరలు; తర్వాత ఐదుకి దించారు. ఆయన పేరు దస్త్రంలో రాయకూడదు కనక రాయను. ఆయన పీట చంకన పెట్టుకుని వెళుతుంటే వీధి వీధంతా నా వాక్యాలే పాడింది. నేనూ పాడాను.

రోజు 6

మాది: పదకొండు. ఆమెది: నాలుగున్నర.

సంఘం నియమం ప్రకారం ప్రతి ఇంట్లోనూ భోజనాల పంక్తి మొదట్లో ఒక పీట వేయాలి. ఆకు వేయాలి, గ్లాసుతో నీళ్ళు పెట్టాలి. ఏమీ వడ్డించకూడదు. ఎవరూ కూర్చోరు. అది సృష్టికి ముందున్న శూన్యానికి మర్యాద. అదే తొలిపీట.

ఇవాళ గోమతిగారు పెరుగు గిన్నెతో చెప్పాపెట్టకుండా వంటింట్లోకి వచ్చింది. మామూలుగా ఆమె వచ్చే వేళకి నేను జాగ్రత్త పడతాను. ఇవాళ పడలేదు. మా గుమ్మడి తొలిపీట మీద నాలుగు కాళ్ళూ చాపుకుని నిద్రపోతోంది. గుమ్మడి మా పిల్లి. రంగూ ఆకారమూ రెండూ పేరుకి తగ్గట్టే ఉంటాయి.

"వదినగారూ! పిల్లి! తొలిపీట మీద పిల్లి!"

"అరవకండి. లేస్తుంది."

"లేవాలనే అరుస్తున్నాను! ఎన్నాళ్ళుగా సాగుతోంది ఇది?"

"తొమ్మిదేళ్ళు. ఆ పీట మీద పొద్దుటి ఎండ పడుతుంది. నాలుగుసార్లు తోలాను. ఐదోసారి నన్ను చూసిన చూపుకి నాకే సిగ్గేసింది."

"పాఠాలు చెప్పిన మనిషి! నేను ఆ పీటని రోజూ పాలతో కడుగుతాను. నా నీడ కూడా పడనివ్వను. మీ పెరడు తొమ్మిదేళ్ళుగా ఒక్క మూర తగ్గలేదంటే ఎంత నిష్ఠో అనుకున్నాను!"

అనుకున్నది ఆమె ఒక్కతే కాదు. వీధంతా అలాగే అనుకుంది. నేనూ కాదనలేదు. పొగడ్త ఉచితంగా వస్తుంటే ఎందుకు కాదనాలి? ఆమె గిన్నె అక్కడ పెట్టి వెళ్ళిపోయింది. నేను మాత్రం పప్పు మాడిన వాసన వచ్చేదాకా ఆ పిల్లినే చూస్తూ కూర్చున్నాను. తొమ్మిదేళ్ళు. ఒక్క మూర తగ్గలేదు.

రోజు 8

మాది: పదకొండు. ఆమెది: మూడున్నర.

నిన్నా ఇవాళా తరళా నేనూ తాడు పట్టుకుని వీధి పొడవునా ఇరవై రెండు ఇళ్ళు తిరిగాం. పెరటి కొలత తీసుకోవడం, మంచినీళ్ళు తాగడం, మాటల్లో తొలిపీట సంగతి లాగడం.

"నాయనమ్మా, ఇది దొంగతనంగా లేదూ?"

"కొలత దొంగతనమైతే మీ సంఘమంతా జైల్లో ఉండాలి. రాసుకో."

ఇరవై ఇళ్ళలో అంచు దగ్గరికి వచ్చింది. పీటని ఎంత భక్తిగా చూస్తే అంత దగ్గరికి వచ్చింది. అస్సలు రానివి రెండే ఇళ్ళు. ఒకటి మాది. రెండోది వీధి చివర బంగారయ్యది. బంగారయ్య కల్లు తాగి వచ్చి వాళ్ళావిడ లోపలికి రానివ్వకపోతే వంటింటి వెనక తలుపు తోసుకుని వచ్చి, తొలిపీట మీదే తల వాల్చి పడుకుంటాడు. పన్నెండేళ్ళుగా అదే ఏర్పాటు.

"మా ఇంటి మీద ఎవరి దయో ఉందమ్మా," అన్నాడు బంగారయ్య. "ఈ పాపిష్టివాడి పెరడు చూడండి, పదహారు మూరలు."

తరళ తాడు చుడుతూ నా వంక చూసింది. "నాయనమ్మా, పిల్లీ తాగుబోతూ కలిసి ఊరిని కాపాడుతున్నారా?"

"సంఘం కన్నా నయం కదా."

రోజు 9

మాది: పదకొండు. ఆమెది: మూడు.

పాత దస్త్రాలు తీశాను. ఆరేళ్ళ క్రితం ఆ విడుపు తర్వాత అంచు ఆగిందని సంఘం చాటింపు వేయించింది. ఆగింది. పదకొండు రోజులు. పన్నెండో రోజున రెండు మూరలు ఒకేసారి మీదికొచ్చింది. ఆ సంగతి చాటింపులో లేదు. ఆ పదకొండు రోజుల్లో గోమతిగారింట్లో తేడా ఏమిటా అని పొద్దుటినుంచీ తల బద్దలుకొట్టుకుని, మధ్యాహ్నం చారు పోపు పెడుతుంటే గుర్తుకొచ్చింది. ఆయన పీట పట్టుకుని వెళ్ళాడు. వడ్రంగి కొత్తది చేసి పంపేసరికి పన్నెండో రోజు. అన్ని రోజులూ ఆ ఇంట్లో ఖాళీ పీటే లేదు.

ఆపైన పెరుగు. అదే పుస్తకంలో, రెండో పేజీలో, ఖాళీకి ఆకలి అని నేను రాశాను. ఆకలితో ఉన్నది తన కడుపులో పెట్టిన పెరుగుని తొమ్మిది రోజులు ముట్టకుండా, పులవకుండా దాచి పెడుతుందా? అలా దాచేది ఎవరు? ఇంకా రానివాళ్ళ కోసం గిన్నె మీద మూత పెట్టి కూర్చునే ఇల్లాలు.

కాబట్టి నా కొత్త సిద్ధాంతం ఇది. నడక అంత బాగుండదు. సృష్టికి ముందున్నది లోటు కాదు, నిండుతనమూ కాదు. వేసిపెట్టిన పీట. ఎవరొస్తారో తెలియకుండానే చోటు చేసి పెట్టిన పంక్తి. మనం వచ్చాం. వచ్చి, కూర్చోకుండా ఆ పీటకే దణ్ణాలు పెట్టాం. పిలిచిన అతిథులు పంక్తిలో కూర్చోకపోతే ఇంటాయన ఏం చేస్తాడు? వీధిలోకి వచ్చి చూస్తాడు. ఇంకా రాకపోతే ఇంకో నాలుగడుగులు ముందుకొస్తాడు. అంచు మన మీదికి వస్తున్నది మింగడానికి కాదు. మనం ఎక్కడున్నామో చూడటానికి.

ఇన్నేళ్ళుగా ఈ సంగతి తెలిసింది ఒక పిల్లికీ ఒక తాగుబోతుకీ. ఇద్దరిలో ఎవరూ నా పుస్తకం చదవలేదు.

రోజు 10

మాది: పదకొండు. ఆమెది: రెండున్నర.

గోమతిగారికి చెప్పాను. ఆమె బియ్యంలో రాళ్ళేరుతోంది. చేట ఆగింది.

"అంటే నా మడే నా కొంప ముంచిందంటారా?"

"మీ మడి కాదు, నా పుస్తకం. మీరు చేయాల్సింది ఒక్కటే. రేపు భోజనానికి తొలిపీట మీద కూర్చోండి."

"చస్తే కూర్చోను."

"కూర్చోకపోతే ఎలాగూ చస్తారు. ఆరు రోజుల్లో."

ఆమె నవ్వుతుందేమోనని చూశాను. నవ్వలేదు. చేట కింద పెట్టింది.

"వదినా, ఒక మాట చెప్పు. నువ్వన్నదే నిజమైతే, కూర్చుంటే సరిపోయేదైతే, ఆయన ఊరికే పోయారా?"

చేటలోంచి ఒక రాయి ఏరి పక్కన పెట్టాను.

"ఆయన వెళ్ళిన రోజున పాడిన ఆ ముక్కలు ఎవరు రాశారు?"

తెలిసే అడిగింది. నా నోటితో చెప్పించాలని అడిగింది.

"నేను రాశాను."

"అయితే వెళ్ళు," అని తలుపు వేసుకుంది. మా మధ్య గోడకి నలభై ఏళ్ళుగా ఉన్న తలుపు. ఎప్పుడూ వేసి ఎరగం.

రోజు 13

మాది: పదకొండు. ఆమెది: రెండు.

సంఘానికి వెళ్ళాను. మొదటి పేజీ తప్పని, వెనక్కి తీసుకుంటున్నానని కాగితం రాసి, ఇరవై రెండు ఇళ్ళ కొలతలు జతచేసి బల్ల మీద పెట్టాను. పరంజ్యోతి రెండు చేతులతో తీసుకుని, శ్రద్ధగా చదివి, మడిచి వెనక్కి ఇచ్చాడు.

"పుస్తకం అచ్చయిపోయింది టీచరమ్మా. ఇప్పుడది మీది కాదు."

"నేను రాసినది తప్పని నేనే చెబుతుంటే?"

"మీరు పెద్దవారయ్యారు. ఎండలో తిరిగారు. మీ మాట మీద గౌరవం ఉండబట్టే మీ మాట వినలేకపోతున్నాను."

ఇంత చక్కటి అడ్డగోలు వాక్యం నేనే నేర్పి ఉంటాను. లేచి వస్తూ నియమావళి అడిగాను. ఇచ్చాడు. పంక్తిలో పీట వేయకపోతే నేరం అని ఉంది. ఆకు వేయకపోతే నేరం. నీళ్ళు పెట్టకపోతే నేరం. కూర్చోకూడదని ఎక్కడా లేదు. కూర్చుంటారని ఎవరికీ తట్టలేదు మరి.

సాయంత్రం గోడ తలుపు దగ్గర నిలబడి అదంతా పైకి చదివాను. లోపల గిన్నెల చప్పుడు ఆగింది.

రోజు 16

మాది: పదకొండు. ఆమెది: ఒకటి.

ఎండ బాగా ఎక్కాక విడుపు. వీధంతా గోమతిగారి పెరట్లో చేరింది. ఆమె గంజిపెట్టిన తెల్లచీర కట్టుకుని, పాలతో కడిగిన పీట చంకన పెట్టుకుని వంటింటి గుమ్మంలో నిలబడింది. నా వంక చూడలేదు. నేను చేతిలో అరిటాకు, పెరుగన్నం గిన్నె, మరచెంబుతో నీళ్ళు పెట్టుకుని వచ్చాను. చూసినవాళ్ళు నాకు మతి పోయిందనుకున్నారు. వెనకాలే గుమ్మడి వచ్చింది. పెరుగు ఎక్కడుంటే అదక్కడ.

పరంజ్యోతి పట్టీ తెరిచి తరళ చేతికిచ్చాడు. "కొట్టేసిన గడి చూపించమ్మా."

తరళ పట్టీ జనం వైపు తిప్పి పట్టుకుంది. "కొట్టలేదండీ. పన్నెండు రోజులుగా చెబుతూనే ఉన్నాను, సిరా ఆరలేదని. అసలు గీతే గియ్యలేదు."

జనంలో కలకలం. పరంజ్యోతి మొహం మూడో తరగతికి వెళ్ళిపోయింది. ఇంతలో గోమతిగారు నడవడం మొదలుపెట్టింది. ఆమె ఎవరి కోసమూ ఆగే మనిషి కాదు. జనం నా పాఠం అందుకున్నారు. సృష్టికి ముందు శూన్యం నిండుగా ఉండేది...

"గోమతీ!"

అది నా గొంతే. అంత పెద్దగా అరిచి చాలా ఏళ్ళయింది. నలభై ఏళ్ళుగా వదినగారూ అన్నదాన్ని. పాట ఆగిపోయింది.

"టీచరమ్మా, పేరు పిలవకూడదు," అన్నాడు పరంజ్యోతి.

"బడి గంట కొట్టలేదు. కూర్చో," అన్నాను. నిజంగానే సగం కూర్చోబోయాడు.

గోమతి అంచుకి ఒక్క అడుగు దూరంలో ఆగింది. తిరిగి నన్ను చూసింది.

"వదినా, ఆయనా పీట పట్టుకునే వెళ్ళారు కదా. లోపల వేసుకుని కూర్చుని ఉంటారంటావా?"

అవునంటే చాలు. ఎంత చక్కటి వాక్యం రాయొచ్చో నాకు ఆ క్షణంలోనే తోచింది. నడకతో సహా తోచింది.

"తెలియదు గోమతీ. తెలియనిది ఇంకోసారి చెప్పను."

ఆమె తల ఊపింది. ఏ మాటకి ఊపిందో నాకు చెప్పలేదు, నేనూ అడగలేదు. పీటని చంకలోంచి తీసి, ఖాళీకి ఎదురుగా, ఒక్క అడుగు ఇవతల వేసింది. అంచులోకి మొహం పెట్టి, కాపురం చేసిన నలభై ఏళ్ళలోనూ, ఆ తర్వాతి ఆరేళ్ళలోనూ ఏ రోజూ నోటితో అనని పేరుని గొంతెత్తి పిలిచింది.

"కేదారయ్యా! ఇదిగో, కూర్చుంటున్నాను!"

కూర్చుంది. బాసింపట్టు వేసుకుని, కొంగు సర్దుకుని, పంక్తిలో పెద్ద ముత్తైదువలా కూర్చుంది. నేను వెళ్ళి ఆకు వేసి నీళ్ళు చల్లాను.

"వడ్డించు వదినా. ఉప్పు సరిగ్గా వేశావా?"

"వేశాను."

"వేసుండవు."

ఒక ముద్ద తింది. రెండో ముద్ద తింది. ఇరవై రెండు ఇళ్ళవాళ్ళు అంచునే చూస్తూ నిలబడ్డారు. పరంజ్యోతి నియమావళి మొదటి నుంచి చివరికీ, చివరి నుంచి మొదటికీ తిప్పాడు. కూర్చోకూడదని ఏ పేజీలోనూ లేదని నేను చెప్పాను. గుమ్మడి వెళ్ళి గోమతి ఒళ్ళో దూరింది. తొమ్మిదేళ్ళుగా పిల్లి నీడంటే పడని మనిషి, దాని మూతికి పెరుగు రాసింది.

అంచు కదలలేదు.

రోజు 17

మాది: పదకొండు. ఆమెది: ఒకటి.

ఆగుతుంది, పదకొండు రోజులు ఆగుతుంది, తర్వాత చూద్దాం అని సంఘం ప్రకటించింది. నా పాత దస్త్రం ఎవరో మొదటిసారి చదివారన్నమాట. సంతోషం. విడుపు పన్నెండో రోజు దాకా వాయిదా. నన్ను బడి మెట్లు ఎక్కకూడదన్నారు. ఉద్యోగం మానేసి పదిహేనేళ్ళయింది, అయినా ఇవాళ ఎక్కి వచ్చాను. మూడో తరగతి పిల్లల చేత మొదటి పేజీ మీద అడ్డంగా గీత గీయించి, పక్కన "రుజువు ఏది?" అని రాయించాను. చేతిరాత ఘోరంగా ఉంది. అది వేరే సంగతి.

రోజు 23

మాది: పదకొండు. ఆమెది: ఒకటి.

పంతొమ్మిది ఇళ్ళలో తొలిపీట మీద ఎవరో ఒకరు కూర్చుంటున్నారు. సిగ్గుపడుతూనే కూర్చుంటున్నారు. బంగారయ్య పాఠం చెప్పడానికి ఇంటింటికీ తిరుగుతున్నాడు. పడుకోవాల్సిన పని లేదని, కూర్చుంటే చాలని నేను రెండుసార్లు కబురు చేశాను.

రోజు 28

మా పెరటి బండ నుంచి అంచుకి: పదకొండు మూరలు.
గోమతి పెరటి బండ నుంచి అంచుకి: ఒక మూర, ఒక బెత్తెడు.

పన్నెండో రోజు. పరంజ్యోతి తెల్లారకముందే వచ్చి బండ మీద కూర్చున్నాడు. తరళ కొలిచింది. నమ్మక మళ్ళీ కొలిచింది. మూడోసారి నేను కొలిచాను. నాలుగోసారి పరంజ్యోతి తాడు అడిగి తీసుకుని తనే కొలిచాడు. బెత్తెడే. ఇన్నేళ్ళ దస్త్రాల్లో అంచు వెనక్కి వెళ్ళిన కొలత ఇదొక్కటే. తాడు నా చేతికిచ్చి, చెప్పులు వేసుకోవడం మరిచిపోయి వెళ్ళాడు.

గోమతి ఆ బెత్తెడు నేలలో మెంతులు చల్లింది. రెండో పీట ఒకటి చేయించి అంచు పక్కన వేసింది. కేదారయ్యగారిదట. ఆయన సంగతి ఏమన్నా తెలిసిందా అని ఆమె నన్ను అడగలేదు. నేనూ ఏ వాక్యమూ అల్లలేదు. రోజూ దాని మీద మేం వంతులవారీగా కూర్చుంటున్నాం. నా వంతు రోజున గుమ్మడి నన్ను ఆక్రమణదారులా చూస్తోంది.

సంఘానికి మనవి: వచ్చే ఏటి దస్త్రంలో విశేషాల గడి వెడల్పుగా గీయించండి. ఇకనుంచి ఉంటాయి.